చౌడమ్మ నమ్మిన అబద్ధం

మా అయ్యగారు బసవలింగం గారిని ఏదైనా అడిగితే వెంటనే జవాబు చెప్పే అలవాటు లేదు. ముందు అడిగినవాడి చేతికి ఏదో ఒక పని ఇస్తారు. పని సగమయ్యేసరికి ప్రశ్న కూడా సగం అరిగిపోతుందని ఆయన నమ్మకం. గుండ్లకమ్మ ఒడ్డున ఉన్న ఆ చిన్న ఆశ్రమంలో వంట నాది కాబట్టి, ఈ అలవాటు వల్ల బాగుపడ్డవాణ్ణి నేనే. ఆత్మ అంటే ఏమిటని అడిగినవాళ్ళు నాకు మినుములు బాగుచేసి పెట్టారు. మోక్షం సంగతి అడిగినవాళ్ళు బావి చుట్టూ గడ్డి పీకారు. ఎవరికీ ఏ సందేహమూ రాని రోజున నాకు పని ఎక్కువై లోపల్లోపల విసుక్కునేవాణ్ణి.

ఆ రోజు అడిగినవాడు పరాంకుశం. ముప్పై దాటిన మనిషి, నెమ్మదస్తుడు. ఆశ్రమానికి వచ్చే రోగులను చూసి కళ్ళనీళ్ళు పెట్టుకునేవాడు. ఆ నీళ్ళ వల్ల వాళ్ళకు ఒరిగేదేమీ లేదని తెలుసుకుని, నాడి చూడడం నేర్చుకుందామని పక్క ఊళ్ళో ఉన్న కేశవాచార్యులు గారి దగ్గరికి వెళ్ళాడు. ముసలి వైద్యుడు. హస్తవాసి గొప్పది, నోరే మంచిది కాదు. "నీవి మొద్దు వేళ్ళు. వీటికి నాడి అందదు, వెళ్ళు" అని పంపేశాడు. రెండోసారి వెళితే అరుగు మీద కూడా కూర్చోనివ్వలేదు. పరాంకుశం తిరిగి వచ్చి, కాళ్ళయినా కడుక్కోకుండా అయ్యగారి ముందు నిలబడ్డాడు.

"కాదన్న గుమ్మం మళ్ళీ ఎక్కేవాణ్ణి ఆశ ఉన్నవాడు అనాలా, సిగ్గులేనివాడు అనాలా అయ్యగారూ?"

మళ్ళీ వెళ్ళమంటే అడుగు పడేలా లేదు. వద్దంటే బతికినన్నాళ్ళూ ఆ ఊరి దారి వంక చూస్తూ ఉండిపోయేలా ఉన్నాడు. నాకు జాలి వేసింది. అయ్యగారికీ వేసే ఉంటుంది, కానీ ఆయన చింతపండు బుట్ట అతని ముందుకు తోసి గింజలు తీయమన్నారు. నాలుగు గుప్పెళ్ళు తీసేదాకా మాట్లాడలేదు. ఆ తర్వాత, ఆయన పుట్టి పెరిగిన సాలెవాళ్ళ వీధిలో జరిగిన సంగతి ఒకటి చెప్పారు. ఆయన చెప్పింది చెప్పినట్టే రాస్తున్నాను. మధ్యలో వేళాకోళం ఎక్కడైనా కనిపిస్తే అది నాది.

ఆ వీధి చివర గాలెయ్య అని నీలి అద్దకం మనిషి ఉండేవాడు. చుట్టుపక్కల నేతగాళ్ళందరికీ నీలం నూలు అతని ఇంటినుంచే రావాలి. పెళ్ళాం పోయింది, పిల్లలు లేరు. ఉన్నదల్లా వసారాలో మెడదాకా నేలలో పాతిన ఒక పెద్ద బాన. నీలిమందు, సున్నం, ఉడికించిన తగిరిస గింజలు కలిపి అందులో పులియబెడతారు. పులుపు కుదిరితే పైన నురుగు లేచి, తోమిన రాగి చెంబులా మెరుస్తుంది. నూలు కట్టను, అంటే చిలపను, ముంచి తీస్తే ముందు పచ్చగా వస్తుంది, గాలి తగిలాక నీలమవుతుంది. పులుపు తప్పితే నురుగు చచ్చిపోయి, మురుగునీళ్ళు మిగులుతాయి. అప్పుడు బాన అలిగింది అంటారు. గాలెయ్య బాన అతని ముత్తాత మొదట పొంగించినది. పాతనీళ్ళు కొంత ఉంచి కొత్తది కలుపుకుంటూ రావడమే తప్ప, ఎన్నడూ దాన్ని పూర్తిగా ఒంపలేదు. అది చచ్చిపోతే ముత్తాత పోయినట్టే, గాలెయ్య బతుకూ పోయినట్టే.

బాన అలిగితే దాన్ని లేపడానికి అద్దకంవాళ్ళ దగ్గర ఒక మందు ఉంది. ఊళ్ళో అబద్ధం ఒకటి పుట్టించాలి. జనం ఎంత గట్టిగా నమ్మితే బాన అంత బాగా పొంగుతుంది. పుకార్లను నీలివార్తలు అనడం ఇందువల్లేనని పెద్దలు అంటారు. ఇందులో వచ్చిన చిక్కేమిటంటే, ఈ సంగతి వీధిలో అందరికీ తెలుసు. అద్దకంవాడు ఏం చెప్పినా నమ్మేవాడు లేడు. పైగా గాలెయ్యకు అబద్ధం ఆడడం చేతకాదు. ఆడేటప్పుడు కాలి బొటనవేలు చూసుకుంటాడు, చెవులు ఎర్రబడతాయి. "సముద్రం రెండు కోసులు వెనక్కిపోయిందంట" అని అతను మొదలుపెట్టగానే, "పాపం, బాన అలిగినట్టుంది" అని జనం జాలిపడేవాళ్ళు. జాలితో బాన పొంగదు.

చౌడమ్మ అదే వీధిలో దేవాంగుల ఇంటి కోడలు. మొగుడు చనిపోయిన ఏడాదే ఏదో జ్వరం వచ్చి ఎడమకాలు చచ్చుబడింది. గుంట మగ్గం నేయాలంటే రెండు కాళ్ళూ ఆడాలి. మగ్గం మూలపడింది. ఇంట్లో మంచం పట్టిన అత్త ఉంది, ఆమెకు కొడుకైనా కూతురైనా ఈ కోడలే. చౌడమ్మ పొగాకు కొట్టులో ఆకు ఏరే కూలికి కుదిరింది. ఆ ఘాటు పడక దగ్గు పట్టుకుంది. రాత్రి కోడలు దగ్గుతుంటే అత్త నిద్రపోయేది కాదు, అత్త నిద్రపోవడం లేదని కోడలు దగ్గు మింగేది. చేతులు బాగానే ఉన్నాయి, నూలు తెలుసు. కూర్చుని చేసుకోగలిగే పని అద్దకం ఒక్కటే కనిపించింది. వెళ్ళి గాలెయ్యను నేర్పమని అడిగింది.

"కుదరదమ్మాయ్. ఆడవాళ్ళ నీడ పడితే బాన విరుగుద్ది. మా తాతలనాటి కట్టుబాటు. నువ్వనే కాదు, మా ఇంటి ఆడవాళ్ళనే రానిచ్చేవాళ్ళం కాదు."

చౌడమ్మ గడప బయటే నిలబడి విన్నది. ఆమెకు ఆశ చాలా ఉంది, అది ఆ ఒక్క మాటతో కుప్పకూలింది. అయినా, "రేపు రా, ఎల్లుండి రా అని తిప్పుకోకుండా ఉన్నమాట చెప్పావు, అదీ మేలే బాబాయ్" అన్నది. వెళ్ళబోతూ ఆగి, "ఇంతకీ బాన ఎట్టా ఉంది?" అని అడిగింది. గాలెయ్యను ఆ మాట అడిగినవాళ్ళు అంతకుముందు లేరు. నూలు ఎప్పుడిస్తావని అడిగేవాళ్ళే అందరూ. బాగానే ఉందని చెప్పి, ఆమె కుంటుకుంటూ వీధి మలుపు తిరిగేదాకా చూస్తూ నిలబడ్డాడు. ఆ తర్వాత కూడా చౌడమ్మ కొట్టునుంచి వచ్చేటప్పుడు అటు తొంగిచూసి, నీడ లోపల పడకుండా పక్కకు నిలబడి, బాన ఎలా ఉందని అడిగి పోయేది. ఎప్పుడైనా మనసు మారిందా బాబాయ్ అని కూడా అడిగేది. లేదనేవాడు. సరేననేది.

ఇలా ఉండగా ఒకసారి బాన పూర్తిగా అలిగింది. గాలెయ్య కూర్చున్నచోట కూర్చోలేడు. గంటగంటకూ మూత తీసి చూడడం, కర్ర పెట్టి కలియబెట్టడం, మళ్ళీ మూయడం. నోటికి వచ్చిన అబద్ధాలన్నీ ఆడాడు. ఎవరూ నమ్మలేదు. చివరికి టీ కొట్టు దగ్గర కూలబడి, ప్రపంచంలో ఎన్నటికీ జరగని పని ఏదా అని ఆలోచించి, "నేను చౌడమ్మకు నీలిపని నేర్పుతున్నా" అన్నాడు. అక్కడున్నవాళ్ళు తొడలు చరుచుకుని నవ్వారు. ఏనుగు గుడ్డు పెట్టిందన్నా ఇంతకంటే నమ్మేవాళ్ళమన్నారు. ఆ నవ్వులాట పొగాకు కొట్టుదాకా పాకింది.

మర్నాడు పొద్దున్నే గాలెయ్య మూత తీస్తే బాన నిండా నురుగు. రాగి మెరుపు కళ్ళు చెదరగొడుతోంది. ముసలాయన చిన్నపిల్లవాడిలా చప్పట్లు కొట్టాడు. ఎవరో ఒకరు నమ్మారు, ఎవరై ఉంటారా అనుకుంటూ వీధిలోకి వచ్చేసరికి, తలంటుకుని ఉతికిన చీర కట్టుకుని, పళ్ళెంలో కొబ్బరికాయా తాంబూలమూ పెట్టుకుని చౌడమ్మ ఎదురొస్తోంది.

"నీ కడుపు చల్లగుండ బాబాయ్! నేర్పుతానన్నావంట గదా. రాత్రి మా అత్త రెండు ముద్దలు ఎక్కువ తిన్నది."

గాలెయ్య బొటనవేలు చూసుకోవలసిన అవసరం లేకపోయినా దాన్నే చూస్తూ, "అది బాన కోసం పుట్టించిన మాటమ్మాయ్" అన్నాడు.

ఇక్కడ పరాంకుశం చింతగింజ చేతిలో పట్టుకుని, "ఆమె ఏడ్చిందా అయ్యగారూ?" అని అడిగాడు. "ఏడ్చింది. ఏడుపొస్తే ఏడవరా?" అన్నారు అయ్యగారు. పళ్ళెం పక్కన పెట్టి, గోడకు ఆనుకుని, కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. ఏడవడం అయ్యాక కళ్ళు తుడుచుకుని, "ఇంతకీ బాన లేచిందా?" అని అడిగింది.

"లేచింది. నువ్వు నమ్మబట్టే లేచింది."

"పోనీలే బాబాయ్. నా నమ్మకం నాకు పనికి రాకపోతేనేం, నీకు పనికొచ్చింది" అని తాంబూలం అతని గడప మీద పెట్టింది. తెచ్చింది వెనక్కి తీసుకుపోకూడదట. గాలెయ్య ఆ తాంబూలం వంక చూశాడు. మనసు కరిగింది. కరిగాక ఇంకో చిక్కు కనిపించింది. "ఇన్నాళ్ళూ అయితే కట్టుబాటే అడ్డం అమ్మాయ్. ఇప్పుడు నేర్పుదామన్నా నేర్పలేను. ఆ మాట నిజమైందంటే బాన మళ్ళీ పడుకుంటది" అన్నాడు. ఆడిన మాట తప్పనివాళ్ళ కథలు చాలా విన్నాను. ఆడిన అబద్ధం తప్పనివాణ్ణి ఈయన్నొక్కణ్ణే విన్నాను.

అప్పటినుంచీ బాన అలిగినప్పుడల్లా గాలెయ్య నేరుగా చౌడమ్మ గుమ్మానికి వచ్చేవాడు. ఊరంతా తిరగడం దండగ. నమ్మే మనిషి ఎక్కడుందో తెలిశాక ఇంకెక్కడికి పోతాడు? వచ్చి అరుగు మీద కూర్చుని, "రేపటినుంచి నీకు పని నేర్పుతా" అనేవాడు. చౌడమ్మ చేట పక్కన పెట్టి ఎదురుగా కూర్చునేది.

"అబద్ధమేనా బాబాయ్?"

"అబద్ధమే. నువ్వు మాత్రం నమ్మాలి."

"ఊరికే నేర్పుతానంటే ఎట్టా నమ్మేది? మొదటి రోజు ఏం నేర్పుతావో చెప్పు."

అడిగింది న్యాయమే అనిపించింది గాలెయ్యకు. అబద్ధానికి కాళ్ళూ చేతులూ ఉంటేగానీ నమ్మకం కుదరదు. మొదటి రోజు సున్నం సంగతి చెబుతానన్నాడు. రాతి సున్నం కాదు, గుల్లసున్నం వేయాలి, నీళ్ళు వేళ్ళ మధ్య రుద్దితే జారుడుగా ఉండాలి, ఆ జారుడు పోతే సున్నం తక్కువైనట్టు. ఆమె కళ్ళు పెద్దవి చేసుకుని విన్నది, దణ్ణం పెట్టింది, కాఫీ ఇచ్చింది. మధ్యాహ్నానికి బాన లేచింది. ఇంకోసారి వచ్చినప్పుడు వాసన గురించి చెప్పాడు. పులిసిన గంజిలాంటి కలి వాసన మంచిది, కుళ్ళిన వాసన వస్తే బాన రోగంతో ఉన్నట్టు. మరోసారి, చలికాలంలో బాన చుట్టూ ఊక కప్పడం. మరోసారి, నూలు తడిపి పిండనిదే ముంచకపోవడం. ఏడాది మీద ఏడాది గడిచింది. ప్రతిసారీ ఆమె అంతే శ్రద్ధగా నమ్మింది. ప్రతిసారీ లేచేటప్పుడు, "నిజంగా ఎప్పుడు నేర్పుతావు బాబాయ్?" అని నవ్వుతూ అడిగేది. ఎన్నటికీ లేదని అతను తల ఊపేవాడు. గాలెయ్య తన గుమ్మంలో కూర్చున్నంతసేపూ బానను కర్రతో కెలకడు కాబట్టి, దానికి ఆ విశ్రాంతే మందేమోనని ఆమెకు లోపల అనిపించేది. ఆ మాట అతని చెవిన వేయలేదు. మనిషి రావడమే తనకు కావలసింది.

ఈలోగా ఆమె దగ్గు ముదిరింది. కొట్టు మానకపోతే మనిషి దక్కదని ఆస్పత్రిలో చెప్పారు. మానితే అత్తకు ముద్ద లేదు. సరిగ్గా ఆ రోజుల్లోనే బాన ఎన్నడూ లేనంతగా అలిగింది. నీళ్ళు నల్లబడ్డాయి. గాలెయ్య చౌడమ్మ అరుగు మీదకు వచ్చి పడ్డట్టు కూర్చుని, "రేపటినుంచి నీకు నేర్పుతా" అన్నాడు.

"ఏం నేర్పుతావు బాబాయ్?"

అతను నోరు తెరిచాడు. సున్నం సంగతి ఎప్పుడో చెప్పేశాడు. వాసన సంగతీ చెప్పేశాడు. గింజలు ఉడికించడం, నురుగు చదవడం, నూలు ఆరబెట్టడం అన్నీ చెప్పేశాడు. వెతుక్కున్నాడు, వెతుక్కున్నాడు, ఏమీ దొరకలేదు. ముఖం పాలిపోయింది. "చెప్పడానికి ఇంకేం లేదే అమ్మాయ్! అంతా నీకు వచ్చేసింది. నా అబద్ధం నిజమైపోయింది. అందుకే అది చచ్చింది. నా నోటితో నేనే చంపుకున్నా" అని కండువా ముఖానికి అడ్డం పెట్టుకుని వెక్కివెక్కి ఏడ్చాడు.

ఆ క్షణాన చౌడమ్మ ఏమడిగినా చెల్లేది. పని వచ్చని అతనే ఒప్పుకున్నాడు. నన్ను బాన దగ్గర కూర్చోనివ్వు, కొట్టు మానేస్తాను అంటే కాదనే ఓపిక అతనిలో లేదు. ఆమె అడగలేదు. "నువ్వు ఇక్కడే కూచో బాబాయ్, అత్తకు మంచినీళ్ళు కావాలంటే ఇవ్వు" అని చెప్పి, కర్ర పట్టుకుని వీధిలోకి నడిచింది. ఇంటింటా ఆగింది. ప్రతి గుమ్మంలోనూ ఒకే మాట చెప్పింది.

"గాలెయ్య బాబాయి ఇన్నేళ్ళు ఆశపెట్టి తిప్పుకున్నాడు. నాకు ఒక్క ముక్క నేర్పలేదు వదినా."

వీధి వీధంతా నమ్మింది. నమ్మకేం చేస్తుంది? గాలెయ్య మొండితనం అందరికీ తెలిసిందే. ఆడవాళ్ళు చౌడమ్మను దగ్గరకు తీసుకుని కళ్ళు తుడిచారు, మజ్జిగ ఇచ్చారు. ఆమె కళ్ళనీళ్ళు దుఃఖంతో వస్తున్నాయనుకున్నారు. ఆమెకేమో, ఆ ముసలాయన ఎండలో నడిచొచ్చి కూర్చుని చెప్పిన ఒక్కొక్క సంగతీ గుర్తుకొచ్చి, కృతజ్ఞతతో గుండె నిండిపోయింది. మగవాళ్ళు ఆమె అరుగు దగ్గరికే వచ్చి గాలెయ్యను నోటికొచ్చినట్టు తిట్టారు. కుంటిమనిషిని ఏడిపించిన పాపం ఊరికే పోదన్నారు. మొదట అతనికి అర్థం కాలేదు. అర్థమయ్యాక తల వంచుకుని, ఒక్కమాట ఎదురు చెప్పకుండా, ఆ తిట్లన్నీ దీవెనల్లా పట్టుకున్నాడు.

సాయంత్రం ఇద్దరూ కలిసి వసారాకు వెళ్ళారు. మూత తీయకుండా గాలెయ్య వెనక్కి తగ్గాడు. చౌడమ్మే తీసింది. ఆమె నీడ బాన మీద నిండుగా పడింది. లోపల నురుగు గడపదాకా పొర్లేట్టు లేచి ఉంది. ముంచిన చిలప పచ్చగా వచ్చి, ఇద్దరూ చూస్తుండగా గాలిలో నీలమైంది. గాలెయ్య కలిపే కర్ర ఆమె చేతికిచ్చి, "నడుం పట్టేసింది. రేపు పొద్దున కాస్త పెందలాడే రా" అన్నాడు. మర్నాటినుంచి చౌడమ్మ పొగాకు కొట్టు మొహం చూడలేదు.

"వాళ్ళిద్దరూ ఆ బాన పక్కన చాలా ఏళ్ళు పనిచేశారు" అన్నారు అయ్యగారు. "ఈమెకు నేర్పావా అని ఎవరైనా అడిగితే, గాలెయ్య సూటిగా కళ్ళలోకి చూసి, 'నేనా? ఎన్నడూ లేదు' అనేవాడు. ఆయన పోయాక నేనే ఒకసారి చౌడమ్మను అడిగాను. 'ఆయన నాకేమీ నేర్పలేదు నాయనా' అని, ఆయన కూర్చునే పీట వైపు తిరిగి రెండు చేతులూ జోడించింది. బాన అప్పటికీ పొంగుతూనే ఉంది."

బుట్టలో చింతపండు అయిపోయింది. పరాంకుశం గింజలు ఒకచోటకి తోస్తూ, "అంటే ఆయన చివరిదాకా కాదనే అన్నాడన్నమాట" అన్నాడు.

"చివరిదాకా" అన్నారు అయ్యగారు. లేచి చేతులు కడుక్కుని, తుడుచుకుంటూ గుమ్మందాకా వెళ్ళి ఆగారు. "రేపోసారి కేశవాచార్యులు గారి ఊరు వెళ్ళి రా. నేర్పమని అడగబోకు. ఒంట్లో ఎట్లా ఉందో కనుక్కుని రా. ఊరందరి చేతులూ పట్టుకుని చూసే మనిషి. ఆయన చెయ్యి పట్టుకున్నవాళ్ళు ఎవరైనా ఉన్నారో, లేరో."